పాలు పట్టిన వారి మాట

మా అమ్మాయి నోట మొదట వచ్చిన మాటకు అర్థం 'పాలు'. అయితే అది తెలుగు మాట కాదు, మేము స్థిరపడిన దేశపు మాటా కాదు. పగలంతా దాన్ని చూసుకున్న శిశు సంరక్షణ కేంద్రంలోని ఆయమ్మ భాషలోని మాట. ఆవిడా మాలాగే మరో దేశం నుంచి వచ్చినవారు. ప్రసవమైన ఐదో నెలలో నేను ఉద్యోగానికి తిరిగి వెళ్ళాను. ఆఫీసులో కిటికీ లేని ఒక చిన్న గదిలో రోజుకు రెండుసార్లు పంపుతో పాలు తీసి, సీసా మీద పాప పేరూ తేదీ రాసి, మంచుగడ్డల సంచిలో పెట్టుకొని ఇంటికి తెచ్చేదాన్ని. మర్నాడు ఆ పాలను గోరువెచ్చగా చేసి, పాపను ఒళ్ళో వేసుకొని, మెల్లగా కబుర్లు చెబుతూ పట్టేవారు ఆవిడ. ఆ మొదటి మాట విన్న రాత్రి నేను ఏడ్చాను. ఇన్ని తంటాలు పడి పాలు నేనిస్తే, మాట మాత్రం ఆవిడది వచ్చిందేమిటన్న అసూయ అది.

ఆ అసూయకూ, బిడ్డకు ఎవరి మాట అబ్బుతుందోనన్న భయానికీ ఎంత పాత చరిత్ర ఉందో తర్వాత చదివినప్పుడు గాని నాకు తెలియలేదు. క్రీ.శ. 2వ శతాబ్దిలో గ్రీకు నగరమైన ఎఫెసస్‌లో పుట్టి రోములో వైద్యం చేసిన సొరానస్, ఇతరుల బిడ్డకు పాలిచ్చే దాదిని ఎలా ఎంచుకోవాలో వివరంగా రాశాడు. ఆమె పాల చుక్కను గోటి మీద వేసి చూడాలట. వెంటనే జారిపోతే పలుచన, తేనెలా కదలకుండా నిలిస్తే మరీ చిక్కన, మెల్లగా పరుచుకుంటేనే మంచి పాలు. అంతటితో ఆగక, బిడ్డకు శ్రేష్ఠమైన భాష అలవడేందుకు దాది గ్రీకు స్త్రీ అయి ఉండాలని కూడా ఆయన అన్నాడు. పుట్టిన చోటికి దూరంగా, మరో భాష రాజ్యమేలే నగరంలో ఉంటూ ఒక గ్రీకు వైద్యుడు చెప్పిన మాట ఇది. దాన్ని చదివినప్పుడు మావంటి తల్లిదండ్రులే నా కళ్ళ ముందు మెదిలారు. అంతకు ముందు తరంలోనే రోములో వక్తృత్వం బోధించిన క్వింటిలియన్, పిల్లలు మొదట వినేదీ అనుకరించేదీ దాదినే కాబట్టి ఆమె మాట తీరు చక్కగా ఉండాలని హెచ్చరించాడు. 14వ శతాబ్ది తొలి సంవత్సరాల్లో ఇటలీ కవి డాంటే, వాడుక భాషను నిర్వచిస్తూ, ఏ నియమాలూ లేకుండా దాదిని అనుకరించి నేర్చుకునేది అదేనన్నాడు. మనం మాతృభాష అనే చోట ఆయనకు గుర్తుకు వచ్చింది దాది. ఉగ్గుపాలతో అబ్బిందని మనమూ అంటాం గాని, ఆ పాలు ఎవరు పట్టారో ఆ పలుకుబడి చెప్పదు.

1865లో బొంబాయిలో పుట్టిన ఆంగ్ల రచయిత కిప్లింగ్, ఆయా చేతుల్లో పెరిగిన తన బాల్యాన్ని స్వీయచరిత్రలో తలచుకున్నాడు. భోజనాల గదిలోకి పంపే ముందు, ఇక అమ్మానాన్నలతో ఇంగ్లీషులో మాట్లాడాలని పిల్లలకు గుర్తు చేసేవారట. తాము ఆలోచించే, కలలు కనే భాషలోంచి తడుముకుంటూ తెచ్చుకొని ఆ ఇంగ్లీషు మాట్లాడేవారట. వాళ్ళు పాలకులు, మేము పని వెతుక్కుంటూ వచ్చినవాళ్ళం. ఆ తేడా చిన్నది కాదు. అయినా, ఇంటి భాషను బిడ్డ అనువదించుకొని మాట్లాడుతుంటే వినే తల్లి మనసు నాకు తెలుసు.

ఇంతవరకూ నేను నా వైపు నుంచే చదువుతూ వచ్చాను. దాన్ని మార్చింది మా అమ్మాయి. దానికిప్పుడు పన్నెండేళ్ళు. 1780లో పారిస్ పోలీసు అధిపతి లెన్వార్ వేసిన అంచనా ఒకటి దానికి చెప్పాను: నగరంలో ఏటా పుట్టే సుమారు 21,000 మంది శిశువుల్లో కన్నతల్లి పాలు తాగేవారు వెయ్యికి మించరు, మరో వెయ్యి మందికి ఇంట్లోనే ఉండే దాదులు పాలిస్తారు, మిగిలిన వారిలో అత్యధికులు పల్లెల్లోని దాదుల దగ్గరికి వెళతారు. అది వెంటనే, "అమ్మా, మరి ఆ దాదుల పిల్లలకు పాలు ఎవరిచ్చారు?" అని అడిగింది.

సాధారణంగా ఒక బిడ్డను కన్న తర్వాతే స్త్రీకి పాలు పడతాయి. కాబట్టి దాదుల్లో దాదాపు ప్రతి ఒక్కరి వెనుకా ఆమె కన్న బిడ్డ ఒకటి ఉంటుంది. ఆ బిడ్డ చనిపోయి ఉండవచ్చు. బతికి ఉంటే త్వరగా పాలు మాన్పించేవారు, ఇంకా తక్కువ కూలికి మరొకరికి అప్పగించేవారు, లేదా పశువుల పాలు పట్టేవారు. రోమన్ల కాలపు ఈజిప్టులో పపైరస్ అనే రెల్లు కాగితం మీద రాసుకున్న ఒప్పందాలు దాది మరో బిడ్డకు పాలివ్వరాదని, గర్భం ధరించరాదని షరతులు పెట్టాయి. అమెరికాలో బానిసలుగా ఉన్న నల్లజాతి తల్లులకు ఒప్పందం కూడా లేదు; యజమాని బిడ్డ ఆకలి తీరాకే తమ బిడ్డ వంతు. దాది బిడ్డ ఉనికిని గుర్తించిన చట్టాల్లో నాకు ముఖ్యంగా తోచేది 1874లో ఫ్రాన్సు చేసిన రూసెల్ చట్టం. దాదిగా చేరాలంటే సొంత బిడ్డకు ఏడు నెలలు నిండాలి, లేదా ఆ బిడ్డకు మరో స్త్రీ పాలిస్తూ ఉండాలి అని అది నిర్దేశించింది. అప్పటికే సీసా వచ్చేసింది. 1860లలో లీబిగ్, నెస్లే తయారుచేసిన శిశు ఆహారాలూ, తర్వాత శుద్ధిచేసిన పాలూ దాది వృత్తిని క్రమంగా అంతం చేశాయి. ఒళ్ళో వేసుకొని పట్టే పని మాత్రం మనిషికే మిగిలింది.

మా అమ్మాయి ప్రశ్న విన్నాక ఆయమ్మ దగ్గరికి వెళ్ళి, ఇన్నేళ్ళుగా నేను అడగని మాట అడిగాను. ఆవిడ కూతురు మా పాప కంటే ఐదు నెలలు పెద్దది. పది నెలల పిల్లను అమ్మమ్మకు అప్పగించి ఆవిడ ఈ దేశం వచ్చారు. పనిలో చేరిన తొలి వారాల్లో మా పాప ఏడ్చినప్పుడల్లా తనకు పాలు చేపుకు వచ్చి బట్టలు తడిసేవని, లోపల గుడ్డలు మడిచి పెట్టుకొనేదాన్నని చెప్పారు. బిడ్డ ఏడుపు చెవిన పడితే తల్లి ఒంట్లో ఆక్సిటోసిన్ అనే హార్మోను ఊరి పాలు చేపుకు వస్తాయి. అది ఎవరి బిడ్డ అన్న విచారణ శరీరానికి ఉండదు. నేను ఆఫీసు గదిలో సీసా నింపుకుంటున్న వేళ ఆవిడ పాలు గుడ్డల్లో ఇంకిపోతున్నాయి. ఒక స్త్రీ పాలు తాగిన పిల్లలను తోబుట్టువులుగా ఎంచి, వారి మధ్య పెళ్ళిని ఇస్లాం నిషేధిస్తుంది. మా పాప ఆవిడ పాలు తాగలేదు గనుక ఆ లెక్కన మాకు ఏ చుట్టరికమూ లేదు. కానీ తాగుతున్నది పాలని మా పాపకు చెప్పింది ఆవిడే.

పోయిన వేసవిలో ఆవిడ కూతురు తల్లి దగ్గరికి వచ్చేసింది. మేము వాళ్ళింటికి వెళ్ళినప్పుడు మా అమ్మాయి, ఆ భాషలో తనకు మిగిలిన ఆ ఒక్క మాటనూ కూడబలుక్కొని పలికింది. ఆ పిల్ల నవ్వి, ఉచ్చారణ సరిదిద్ది, మళ్ళీ అనమంది. మా అమ్మాయి మళ్ళీ అంది. ఆవిడ వంటింటి గుమ్మంలో నిలబడి ఇద్దరినీ చూస్తున్నారు.