సంపులో లెక్క

సంపు నిండి నీళ్లు గేటు దాటి రోడ్డెక్కాయి. ట్యాంకర్ అబ్బాయి పైపు చుట్టేస్తూ, "ఐదు వేల లీటర్లు సార్, తొమ్మిది వందలు" అన్నాడు. ఇచ్చేశాను. లీటరుకి 18 పైసలే కదా అని లోపల చిన్న సంతోషం కూడా.

ఏడో క్లాసు చదివే మా అమ్మాయి ఊరుకోలేదు. నిన్న సంపు కడిగించినప్పుడు టేపుతో కొలిచిందట. పొడవు 6 అడుగులు, వెడల్పు 5, లోతు 4.

"120 ఘనపుటడుగులు నాన్నా. ఒక్కోదానికి 28.3 లీటర్లు. మన సంపులో 3,400 లీటర్లే పడతాయి."

కరెంటు బిల్లు వెనకాల మళ్లీ భాగించాను. 26 పైసలు!

రోడ్డు మీద పారింది మహా అయితే పది బకెట్లు. మిగతా 1,600 లీటర్లలో ఎక్కువ భాగం ట్యాంకర్‌లోనే పక్క వీధికి వెళ్లిపోయుంటుంది, మళ్లీ ఐదు వేలుగా.

నేను ఇంజనీరింగ్ చదివాను. ఆ ముక్క ఇవాళ ఇంట్లో ఎవరూ ఎత్తలేదు, అదొక్కటే నయం. అమ్మాయి మాత్రం సంపు గోడ మీద చాక్‌పీసుతో అడుగడుగుకీ గీతలు గీస్తోంది. ఒక్కో గీతకి 850 లీటర్లట.