నేరేడు పండ్లు, గరిటెడు రమ్ము

మటన్ వేపుడు చేసిన రోజున మూకుడు ఎవరికి దక్కాలనే దాని మీద చిన్నప్పుడు నాకూ తమ్ముడికీ పెద్ద తగవే జరిగేది. ముక్కలన్నీ గిన్నెలోకి తీశాక అడుగున అంటుకుని మిగిలే ఆ ముదురు గోధుమరంగు పొర, కాస్త నూనె, మాడీ మాడని ఉల్లిపాయ తునకలు. అందులో వేడన్నం వేసి, రెండు ఉప్పు రాళ్ళు చల్లి, గరిటెతో గీకుతూ కలిపి అమ్మ ముద్దలు పెట్టేది. వేపుడుకన్నా ఆ ముద్దలే బాగుండేవి. ఇన్నేళ్ళ తరువాత తమ్ముడు ఫోనులో స్టేక్ మీద పోసే సాస్ గురించి చెబుతుంటే నాకు ముందుగా గుర్తొచ్చింది ఆ మూకుడే.

వాడు ప్రయాణికుల ఓడలో వంటవాడు. స్టేక్ కాల్చి తీశాక పెనం కడగరట. అడుగున అంటుకున్నదాని మీద బ్రాందీయో, రమ్మో, వైనో పోసి గీకితే అదంతా కరిగి వస్తుంది. దానికి పండ్ల రసం చేర్చి చిక్కబరుస్తారు.

“అమ్మ అన్నం వేసేది కదా అక్కా, వీళ్ళు మద్యం పోస్తారు. పని ఒకటే” అన్నాడు.

ఆ ఒక్క మాటతో ఈ వంట నాకు పరాయిది కాకుండా పోయింది. ఏప్రిల్ నుంచి దీని వెంట పడ్డాను. నాలుగోసారికి కుదిరింది.

అక్కడ స్టేక్ అంటే గొడ్డు నడుము భాగం నుంచి మందంగా కోసిన ముక్క. మా ఇంట్లో పొట్టేలు, కోడి, చేప తప్ప వేరే మాంసం వండం. పొట్టేలు తొడతో చేయవచ్చా అని అడిగితే, లేతదైతే చేయవచ్చు, ముందు ఊరబెట్టాలి అన్నాడు. అసలు చిక్కు మాంసంతో కాదు, రమ్ముతో వచ్చింది.

మా అమ్మది నెల్లూరు జిల్లాలో ఉదయగిరి వైపు పల్లె. 1992లో దూబగుంట ఆడవాళ్ళు సారా మీద తిరగబడ్డప్పుడు ఆ చుట్టుపక్కల ఊళ్ళన్నీ కదిలాయి. సారా వేలంపాటలు జరగనివ్వలేదు. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతా సారా నిషేధించేదాకా ఆ వేడి చల్లారలేదు. అప్పుడు నాకు పదకొండేళ్ళు. అమ్మ చీపురు చేతపట్టుకుని మిగతా ఆడవాళ్ళతో కలిసి సారా కొట్టు ముందు కూర్చోవడం నేను కళ్ళారా చూశాను. మా నాన్న తాగేవారు కాదు, మా చిన్నాన్న తాగేవాడు. పిన్ని పడిన బాధ అమ్మకు తెలుసు. అలాంటి మనిషి ఇప్పుడు విజయవాడలో నా దగ్గర ఉంటోంది. ఆమె ఉన్న ఇంటికి రమ్ము సీసా తేవాలంటే అడగకుండా ఎలా తెస్తాను?

అడిగాను. వంటకే, ఒక్క గరిటెడే అని చెప్పాను. రెండు రోజులు ఏమీ అనలేదు. మూడో రోజు పొద్దున్న కూర తరుగుతూ రెండు మాటలు చెప్పింది. “దాచిపెట్టకు, కనబడేచోట పెట్టు. నా మూకుడులో మాత్రం పోయకు.”

ఆ మూకుడు ఆమె కాపురానికి వచ్చినప్పుడు తెచ్చుకున్నది. మేం తగవులాడుకున్న మూకుడు అదే. నేను ఇంకో ఇనుప పెనం కొన్నాను. మా ఆయన 375 మిల్లీలీటర్ల రమ్ము సీసా తెచ్చారు. దాన్ని ఉప్పు జాడీ పక్కన పెట్టాను. వాడిన ప్రతిసారీ ఎంత మిగిలిందో సీసా మీద పెన్నుతో గీత గీస్తున్నాను. అమ్మ అడగలేదు. గీయాలని నాకే అనిపించింది.

రమ్ము మూత తీసి వాసన చూస్తే నాకు బెల్లం పాకం గుర్తొస్తుంది. చెరకు ఆడే రోజుల్లో ఉయ్యూరు మీదుగా బస్సులో వెళుతుంటే చక్కెర ఫ్యాక్టరీ దగ్గర గుప్పుమనే ఘాటు తీపి వాసన కూడా. గుర్తురావడంలో వింతేమీ లేదు. చక్కెర తీయగా మిగిలిన మడ్డిని పులియబెట్టి, బట్టీ పట్టి తీసేదే రమ్ము. అందుకే దీనికి జతగా తీపి కావలసివస్తే పంచదార వేయను, బెల్లమే వేస్తాను.

మొదటిసారి నూజివీడు చిన్నరసాలతో చేశాను. మామిడి పండు సువాసన వేడికి నిలవదు. అది ఎగిరిపోయాక తీపి ఒక్కటే మిగిలింది. తాండ్ర కరిగించి మాంసం మీద పోసినట్టు అనిపించింది. తమ్ముడికి చెబితే, తీపి పండు పట్టుకుని కూర్చోవద్దన్నాడు. ఇంగ్లండులో కంబర్లాండ్ సాస్ అని ఒకటి ఉందట. రెడ్‌కరెంట్ అనే చిన్న ఎర్ర పండ్ల జెల్లీలో పోర్ట్ వైను, నారింజ తొక్క, ఆవాల ముద్ద కలిపి చేస్తారు. జింక మాంసానికీ పంది మాంసానికీ వేసుకుంటారు. ఆ పండుకి పులుపు ముందు, తీపి తరువాత. “పులుపూ వగరూ తీపీ మూడూ ఉన్న పండు మన దగ్గర ఏముందో చూడక్కా” అన్నాడు.

అలాంటి పండు ఆషాఢంలో కాళేశ్వరరావు మార్కెట్ దగ్గర బుట్టల్లో నిగనిగలాడుతూ కనిపిస్తుంది. నేరేడు పండుకు వగరు ప్రాణం. నాలుక ఎండిపోయినట్టు చేసే ఆ వగరే మాంసం కొవ్వుకు సరిజోడు. కొవ్వు నోటికి పట్టిన జిడ్డును వగరు కడుగుతుంది, వగరు వల్ల కలిగిన పొడితనాన్ని కొవ్వు తీరుస్తుంది. వైనుతో మాంసం తినేవాళ్ళు ఇదే చెబుతారు. ఆగిరిపల్లి నుంచి వస్తానని చెప్పిన ఒకామె దగ్గర అరకిలో కొన్నాను. పెద్దవీ మెత్తగా ఉన్నవీ ఏరి ఇచ్చింది. ఇంటికొచ్చేలోపు సంచి అడుగు ఊదారంగుకు తిరిగింది.

ఆ పండ్లతో మొదటి ప్రయత్నం చెడిపోయింది. ఎందుకు చెడిందో వివరంగా చెప్పాలి, ఇంకొకరికి అలా జరగకూడదు. మాంసం తీసిన ఇనుప పెనంలో రమ్ము పోసి గీకి, నేరేడు గుజ్జు కూడా అందులోనే పోశాను. చూస్తుండగానే అంచుల నుంచి రంగు మారడం మొదలైంది. ఊదా పోయి, నీలం పోయి, ఐదు నిమిషాలకు నల్లగా సిరాలా అయింది. రుచి చూస్తే నోట్లో మేకు పెట్టుకున్నట్టుంది. మా తాత చెప్పేవారు, వాళ్ళ చిన్నతనంలో కరక్కాయ కషాయంలో అన్నభేది కలిపి సిరా చేసుకునేవాళ్ళమని. కరక్కాయలో ఉన్నది వగరు, అన్నభేదిలో ఉన్నది ఇనుము. నేను చేసిందీ అచ్చంగా ఆ పనే. అందుకని ఇనుప పెనంలో రమ్ముతో గీకడం వరకే. అదీ ఒక్క నిమిషంలో ముగించి స్టీలు గిన్నెలోకి ఒంపేయాలి. నేరేడు ఇనుమును తాకనే కూడదు.

మూడోసారి మంట. పొయ్యి వెలుగుతుండగానే గరిటెడు రమ్ము పెనంలో పోశాను. గుప్పున లేచిన మంట పైన తగిలించిన మసిగుడ్డ అంచును అంటుకుంది. మూత పెట్టి ఆర్పేశాను. ఎవరికీ ఏమీ కాలేదు గానీ, వంటింట్లోకి పరుగెత్తుకొచ్చిన అమ్మ ముఖం చూసి నాకు చాలాసేపు చేతులు వణికాయి. మన రమ్ములో 42.8 శాతం ఆల్కహాలు ఉంటుంది, అది 78 డిగ్రీలకే మరుగుతుంది. మండుతున్న పెనం మీద పడగానే ఆవిరై మంట అందుకుంటుంది. ఇప్పుడు పొయ్యి ఆపి, పెనాన్ని ఒక నిమిషం పక్కన పెట్టి, అప్పుడు పోస్తాను. సీసాతో ఎప్పుడూ పోయను, గరిటెతోనే. హోటళ్ళలో కావాలని మంట లేపుతారని తెలుసు. ఇంట్లో దానితో పనిలేదు.

ఇక కుదిరిన పద్ధతి.

మాంసం కొట్టులో “కూరకా, బిర్యానీకా?” అని అడిగి, సమాధానం రాకముందే కత్తి ఎత్తుతారు. వెనక తొడను ముక్కలు కొట్టవద్దని, ఎముకతో సహా అడ్డంగా, బొటనవేలి మందాన బిళ్ళలుగా కోయమని చెప్పాను. ఆయన కాసేపు తొడను అటూ ఇటూ తిప్పి చూశాడు. ముందు సన్న కత్తితో ఎముక దాకా చుట్టూ కోసి, చింతమొద్దు మీద పెట్టి ఒక్కో దెబ్బకు ఒక్కో బిళ్ళ తీశాడు. మధ్యలో గుండ్రంగా నల్లి ఎముక, చుట్టూ మాంసం, అంచున తెల్లటి కొవ్వు దారం. ఆరు బిళ్ళలు, పన్నెండు వందల గ్రాములు. ఒక్కటి కూడా ఎముక పగిలి చెదరలేదు. అంత నేర్పు చేతిలో ఉన్నవాళ్ళ చేత రోజంతా కూర ముక్కలే కొట్టిస్తున్నాం.

ముందురోజు రాత్రి బిళ్ళలకు ఉప్పు మాత్రమే పట్టించి ఫ్రిజ్‌లో పెట్టాలి. ఉప్పు మొదట నీటిని బయటికి లాగి, తరువాత ఆ నీటితోనే లోపలికి ఇంకుతుంది. మర్నాడు పచ్చి బొప్పాయి తొక్కతో సహా తురిమి ఒకే ఒక్క చెంచా, దంచిన వెల్లుల్లి, మిరియాలు, వేయించి కచ్చాపచ్చాగా నలిపిన రెండు గుంటూరు సన్నం మిరపకాయలు, నువ్వుల నూనె కలిపి పట్టించాలి. ఇది గంటసేపు చాలు. బొప్పాయి పాలలో ఉండే పపైన్ మాంసపు పోగులను తెంచుతూ పోతుంది. రాత్రంతా వదిలేస్తే పైపొర పిండిలా అయిపోయి, లోపల మాత్రం గట్టిగానే ఉంటుంది.

కాల్చేముందు ఆ ముద్దనంతా తుడిచేయాలి. చేతులారా పట్టించింది తీయడానికి మనసొప్పదు, కానీ తీయాలి. తడి ఉన్నంతసేపు పెనం వేడి నీటిని మరిగించడానికే సరిపోతుంది. మాంసం రంగు తిరగాలంటే పైభాగం 140 డిగ్రీలు దాటాలి. తడి ఆరనిదే ఆ వేడి రాదు. బాగా పొడిగా తుడిచి, కాగిన పెనం మీద వేసి కదపకుండా వదిలేయాలి. మొదట అతుక్కుంటుంది, కంగారుపడకూడదు. రంగు వచ్చాక తనంతట తానే వదులుతుంది. రెండు వైపులా అయ్యాక మంట తగ్గించి, మధ్యలో థర్మామీటర్ గుచ్చి 65 డిగ్రీలు చూసి తీస్తాను. అమెరికాలో చెప్పే లెక్క 63 డిగ్రీలు, ఆపైన మూడు నిమిషాలు కదపకుండా ఉంచడం. లోపల లేత గులాబీ రంగు మిగులుతుంది. మా తోడికోడలికి ఆ రంగు నచ్చదు, ఆమె ముక్కను ఇంకాస్త కాలుస్తాను. కొంచెం గట్టిపడుతుంది, అయినా ఆమె ఇష్టం.

ఈలోగా నేరేడు. కాస్త ఉప్పు చల్లి చేత్తో పిసికితే గింజలు వేరవుతాయి. వడగట్టితే కప్పు గుజ్జు వస్తుంది. స్టీలు గిన్నెలో సన్నగా తరిగిన ఉల్లిపాయ వెన్నలో మగ్గించి, గుజ్జు, ఒక కప్పు ఎముకల చారు, ఉసిరికాయంత బెల్లం వేసి సన్నని సెగ మీద సగం చేస్తాను. అందులో ఒకరికి సరిపడా ముందే తీసి పక్కన పెడతాను, అది మా అమ్మాయికి. మిగిలినదానిలో రమ్ముతో గీకిన పెనం అడుగు కలిపి మరో పావుగంట. గరిటె వెనక వేలితో గీత గీస్తే చెరగకుండా నిలవాలి. చివర పొయ్యి ఆపి, గోలీ అంత వెన్న వేసి తిప్పితే సాస్‌కు మెరుపు వస్తుంది.

వండితే మద్యమంతా ఆవిరైపోతుందని చాలామంది ధీమాగా చెబుతారు. అది నిజం కాదు. అమెరికా వ్యవసాయ శాఖ పట్టికల ప్రకారం మంట లేపి ఆర్పినా 75 శాతం ఆల్కహాలు మిగులుతుంది. పావుగంట ఉడికిస్తే 40 శాతం, అరగంటకు 35 శాతం. నేను పోసే 60 మిల్లీలీటర్ల రమ్ములో ఆల్కహాలు సుమారు 26. పావుగంట తరువాత పది మిగిలిందనుకుంటే, నలుగురికి పంచితే ఒక్కొక్కరికి రెండున్నర మిల్లీలీటర్లు. తక్కువే, కానీ సున్నా కాదు. ముట్టని వాళ్ళకు, పిల్లలకు, మందులు వాడేవాళ్ళకు “అంతా ఎగిరిపోయిందిలే” అని చెప్పి పెట్టడం అబద్ధం. అందుకే మా ఇంట్లో రెండు గిన్నెలు.

అమ్మ ముక్కకైతే మూడో దారి. ఆమె మూకుడు ముందు పొయ్యి మీదకు ఎక్కుతుంది. ఒక్క బిళ్ళ అందులో కాల్చి తీసి, అడుగున వేడన్నం వేసి, గరిటెతో గీకి కలుపుతాను. అన్నం మెతుకులు ఒక్కొక్కటీ గోధుమరంగు పట్టి, మిరియపు పలుకులతో మెరుస్తాయి. పోయిన ఆదివారం అమ్మ ఆ అన్నం తింటూ, నా కంచంలోని ఊదారంగు సాస్ వైపు చూసి, “నేరేడు వాసన బాగా వస్తోంది” అంది. ఇంకేమీ అనలేదు. రమ్ము కలపక ముందు తీసిన గిన్నెలోంచి ఒక చెంచా ఆమె అన్నం పక్కన వేశాను. వేలితో అద్దుకుని నాకింది. కాసేపటికి ఇంకో చెంచా అడిగింది.

సీసా మీద ఇప్పటికి నాలుగు గీతలు. ఇంకో రెండు గరిటెలు ఉంది. బుట్టల్లో నేరేడు పలచబడుతోంది, చిన్నవీ గట్టివీ మిగిలాయి. నిన్న ఉన్నవాటిలో మంచివి కిలో ఏరి, గుజ్జు తీసి, రెండు డబ్బాల్లో గడ్డకట్టించాను. తమ్ముడు సెప్టెంబరులో సెలవు మీద వస్తున్నాడు. ఒక డబ్బా వాడికి.