అమ్మ సంతకం

2022 వేసవిలో ఒక మధ్యాహ్నం తమ్ముడు ఫోను చేసి, "అక్కా, మన మామిడి చెట్లకు ఎవరో ఎర్రరంగుతో అంకెలు వేసి వెళ్లారు" అన్నాడు. పదకొండు చెట్లు, అన్నీ నాన్న చేత్తో నాటినవే. మర్నాడు చూస్తే గట్టు మీద ఒకటి, బోరు పక్కన ఒకటి రాళ్లు పాతి ఉన్నాయి. మా నాలుగు ఎకరాల మీదుగా ఐమూలగా 220 కేవీ (కిలోవోల్టుల) కరెంటు లైను పోతుందని, పొలం నడిమధ్యన టవర్ లేస్తుందని మాకు తెలిసింది అలాగే.

వారం తిరగకముందే ఒక ఉద్యోగి కాగితం పట్టుకుని ఇంటికి వచ్చాడు. పట్టా అమ్మ పేరున ఉంది.

"సంతకం పెట్టండమ్మా, పంట నష్టం డబ్బు ఖాతాలో పడుతుంది."

"మేము ఒప్పుకోకపోతే?"

"లైను ఆగదమ్మా."

"మరి సంతకం ఎందుకు బాబూ?"

అతను సమాధానం చెప్పలేదు. అమ్మ ప్రశ్న మాత్రం నన్ను నిద్రపోనివ్వలేదు. రెండు వారాలు రాత్రిళ్లు కూర్చుని చట్టం చదివాను. ఇలాంటి రాళ్లు పొలంలో కనబడి కంగారుపడే వాళ్ల కోసం, నాకు అర్థమైనది ఇక్కడ రాస్తున్నాను.

ఆ ఉద్యోగి చెప్పింది నిజమే. 2003 నాటి విద్యుత్ చట్టం సెక్షన్ 164 కింద ప్రభుత్వం ఉత్తర్వు ఇస్తే, లైను వేసే సంస్థకు 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టంలోని అధికారాలు వస్తాయి. తంతి తీగల కోసం బ్రిటిష్ పాలనలో రాసిన చట్టమే ఇవాళ మన పొలాల మీద టవర్లను నిలబెడుతోంది. ఆ ఉత్తర్వు ఉన్నచోట భూయజమాని అనుమతి అక్కర్లేదని సుప్రీంకోర్టు 2016 డిసెంబరులో, ప్రభుత్వ సంస్థ పవర్ గ్రిడ్‌కూ సెంచురీ టెక్స్‌టైల్స్‌కూ మధ్య నడిచిన కేసులో తేల్చిచెప్పింది. సెంచురీ లాంటి పెద్ద కంపెనీ అభ్యంతరమే నిలవలేదు. అడ్డం పడితే కలెక్టరు ఉత్తర్వు తెచ్చుకుంటారు. దాన్నీ ఎదిరిస్తే అది నేరమవుతుంది.

సెక్షన్ 164 ఉత్తర్వు లేనప్పుడు సంగతి వేరు. విద్యుత్ చట్టం కింద 2006లో చేసిన నిబంధనల ప్రకారం యజమాని సమ్మతి ముందుగా తీసుకోవాలి. అభ్యంతరం చెబితే కలెక్టరు నుంచో పోలీసు కమిషనరు నుంచో రాతపూర్వకంగా అనుమతి తేవాలి. అందుకే మొదట అడగాల్సింది సెక్షన్ 164 ఉత్తర్వు ప్రతి. మేము అడగలేదు. అలాంటిది ఒకటి ఉంటుందని అప్పటికి మాకు తెలియదు.

టెలిగ్రాఫ్ చట్టం సెక్షన్ 10లో మనకు పనికొచ్చే మాటలు రెండున్నాయి. ఒకటి, లైను వేసినవాళ్లకు దక్కేది వాడుకునే హక్కు మాత్రమే, భూమి మనదే. రెండు, వీలైనంత తక్కువ నష్టం చేయాలి, చేసిన నష్టానికి పూర్తి పరిహారం ఇవ్వాలి. ఆ "పూర్తి" అన్న మాటను పట్టుకుని కాగితం మళ్లీ చదివాను. చివరి వరుసలో చిన్న అక్షరాలతో "ఇకపై ఎటువంటి పరిహారమూ కోరము" అని ఉంది. అమ్మ ఆ వరుస కొట్టేసి, కింద తన చేత్తో ఇలా రాసింది: "పంటకు, చెట్లకు మాత్రమే డబ్బు తీసుకుంటున్నాను. భూమి విలువ తగ్గినందుకు అడిగే హక్కు వదులుకోవడం లేదు." ఆ తర్వాతే సంతకం చేసింది. వచ్చినతను చాలాసేపు గొణిగాడు కానీ తీసుకెళ్లాడు.

చెట్ల డబ్బు ఒక్కసారితో సరి. భూమికి జరిగేది అలా తీరిపోదు. 220 కేవీ లైను కింద 35 మీటర్ల వెడల్పు దారి వదలాలి. మా పొలంలో తీగలు సుమారు 180 మీటర్ల పొడవున పోతాయి. లెక్క కడితే ఎకరంన్నర దాటింది. అందులో పెద్ద చెట్టు పెంచకూడదు, ఇల్లు కట్టకూడదు. మంచు పట్టిన తెల్లవారుజామున తీగలు చిటచిటమంటాయి. బోరులోంచి ఇనుప పైపులు పైకి తీయాలంటే తమ్ముడు ముందు తల ఎత్తి తీగల వంక చూస్తాడు. కొనడానికి వచ్చినవాళ్లూ అలాగే తల ఎత్తి చూసి వెళ్లిపోతున్నారు.

దీనికి కేంద్ర విద్యుత్ శాఖ 2015లో మార్గదర్శకాలు ఇచ్చింది: టవర్ నిలిచే చోటికి భూమి విలువలో 85 శాతం, తీగల కింది దారికి గరిష్ఠంగా 15 శాతం. 2024 జూన్‌లో వాటిని 200, 30 శాతాలకు పెంచింది. రాష్ట్రాలు వీటిని స్వీకరించాలి కాబట్టి, మీ రాష్ట్రంలో ఏ ఉత్తర్వు అమల్లో ఉందో చూసుకోండి. ఇచ్చింది చాలదనుకుంటే టెలిగ్రాఫ్ చట్టం సెక్షన్ 16 కింద జిల్లా జడ్జి దగ్గరికి వెళ్లవచ్చు. లైను పొలంలో ఎక్కడి నుంచి పోతోంది, ఎంత దూరంలో ఉంది, ఎంత మేర పనికిరాకుండా పోయింది అన్నవి పరిహారానికి ముఖ్యమని సుప్రీంకోర్టు 2007లో, కేరళ విద్యుత్ బోర్డు కేసులో చెప్పింది. మూలన పోయే తీగా, నడిమధ్యన పోయే తీగా ఒకటి కావు. మా దరఖాస్తుకు సర్వేయరుతో గీయించిన పటం జత చేశాం. కేసు నడుస్తోంది.

నేను లైన్లకు వ్యతిరేకిని కాను. ఒక్కరు కాదంటే ఊళ్లన్నీ చీకట్లో ఉండాలనీ అనను. కానీ రాయి పాతకముందు ఆ ఇంటి తలుపు తట్టి, ఈ గీత ఇటు పోతుంది, మీరేమంటారని అడగడానికి ఏం అడ్డం? ఆ గీత నలభై మీటర్లు పక్కకు జరిగి గట్టు వెంట పోయి ఉంటే నాన్న చెట్లలో సగమైనా మిగిలేవి. గీత కాగితం మీద ఉన్నప్పుడే అది సాధ్యం. పునాది పోశాక ఎవరూ వినరు.

పోయిన నెల మా పక్క పొలంలోనూ కొత్త రాళ్లు పడ్డాయి. వాళ్లు అమ్మను పిలిచారు. అమ్మ గొడుగు వేసుకుని వెళ్లి, కొలతలు తీస్తున్న కుర్రాడి పక్కన నిలబడి అడిగిందట: "ఎన్ని కేవీ బాబూ? 164 ఉత్తర్వు తెచ్చారా?"