పయ్యాఁ పూలకు పన్నెండొందలు

ఉత్తరాఖండ్ కొండల కింద, కాఠ్‌గోదాంలో రైలు దిగినవాళ్ళకి తెలుసు, అక్కడి జీపువాళ్ళు మనిషిని చూసి ధర చెబుతారు. మా పిన్ని మంకీ టోపీ చూసి తలకి 700 అన్నాడు. పిన్ని తన దూరదర్శన్ హిందీ బయటికి తీసింది. 500 దగ్గర బేరం తెగింది కానీ, ఆ కోపంతో వాడు మమ్మల్ని వెనక సీట్లో, స్టెప్నీ పక్కన కుక్కాడు. నవంబరు చలికి కాళ్ళు ముడుచుకునే చోటు కూడా లేదు.

భవాలీ దాటాక కైంచీ ధామ్ ముందు బండి ఆగిపోయింది. డ్రైవరు ఇంజను కట్టేసి, దిగి, ఒక బీడీ ముగించి ఇంకోటి వెలిగించాడంటే అర్థం చేసుకోండి. నీమ్ కరోలీ బాబా ఆశ్రమం అది. జుకర్‌బర్గ్ వచ్చి వెళ్ళాడని, క్రికెటర్లు వస్తున్నారని తెలిశాక ఢిల్లీ కార్లన్నీ అక్కడే ఉంటున్నాయి. దర్శనం చేసుకునేవాళ్ళు చేసుకోవచ్చు, అభ్యంతరం లేదు. అల్మోడా వెళ్ళేవాళ్ళు ఏం పాపం చేశారో మాత్రం చెప్పాలి ఎవరైనా.

ఆ ఆగిన చోటే, కొండవాలు మీద ఒక చెట్టు కనిపించింది. ఆకు దాదాపు లేదు, కొమ్మ కొమ్మంతా లేత గులాబీ. చుట్టూ చీడ్ అనే పైన్ చెట్ల ముదురు పచ్చ, కింద గడ్డి ఎండి పసుపు. ఆ మధ్యలో పెళ్ళికి తయారైనట్టు అదొక్కటే.

"ఏమేవ్, కాగితప్పూలా అవి?" అంది పిన్ని.

మా ముందు సీట్లో ఉన్న పెద్దాయన వెనక్కి తిరిగాడు. కుమావూనీ నల్ల టోపీ, ఒళ్ళో పాలిథిన్ సంచిలో బాల్ మిఠాయి డబ్బా. "పయ్యాఁ, చేలీ," అన్నాడు నాతో. చేలీ అంటే అమ్మాయి అని. తర్వాత, పట్నంవాళ్ళకి అర్థం కాదేమోనని కాబోలు, "పదమ్ అని కూడా అంటారు. పద్మాఖ్," అని చేర్చాడు.

పద్మాఖ్ అన్న మాట వినగానే నేను స్టెప్నీని, కైంచీని, అన్నిటినీ మర్చిపోయాను.

మా నాన్నకి సామర్లకోటలో మూలికల కొట్టు ఉండేది. గోడ నిండా రేకు డబ్బాలు, వాటి మీద ఎర్ర పెయింటుతో పేర్లు. పటిక, పద్మకాష్ఠం, పాషాణభేది వరసగా ఉండేవి. పద్మకాష్ఠం డబ్బాలో ఎర్రగా, గోధుమరంగుగా ఉండే కట్టె పేళ్ళు. వైద్యులు రాసిన చీటీల్లో చందనాసవం, ఉశీరాసవం లాంటి మందులు వస్తే ఆ డబ్బా దిగేది. కుంకుమాది తైలం కాచుకునేవాళ్ళూ అడిగేవారు. పేరు చూసి తామర కాడలనుకునేవాళ్ళు చాలామంది. "తామరకి కట్టె ఎక్కణ్ణుంచొస్తుందయ్యా, కాష్ఠం అంటే కట్టె, ఇది హిమాలయాల్లో చెట్టు," అని నాన్న విసుక్కునేవాడు. సరుకు ఢిల్లీ ఖారీ బావలీ బజారు నుంచి గోనెసంచుల్లో వచ్చేది. ఆ చెట్టుకి పువ్వు పూస్తుందని, ఆ పువ్వు ఇంత అల్లరి చేస్తుందని ఆయనకి తెలీదు. ఆయనకి తెలిసిందంతా పేళ్ళే.

శ్లోకాలు మాత్రం తెలుసు. చరకుడు పద్మకాన్ని, అంటే ఈ కట్టెనే, ఒంటి రంగు తేల్చే వర్ణ్య గణంలోనూ, నొప్పి తగ్గించే వేదనాస్థాపన గణంలోనూ వేశాడు. భావప్రకాశమనే వైద్యగ్రంథం దీనికి పద్మగంధి, పద్మాహ్వయం అని పర్యాయాలిచ్చి, వగరు, చేదు, చలువ అంటుంది, గర్భం నిలుపుతుందనీ చెబుతుంది. ఇవి కొట్టులో రోజూ వినపడేవే. నాన్న సరదాగా ఉన్నప్పుడు అమరకోశం ఎత్తుకునేవాడు: "పద్మకం బిందుజాలకమ్". ఏనుగుకి వయసొచ్చాక మొహం మీద, తొండం మీద పొడిచే ఎర్రటి చుక్కలట పద్మకమంటే. అన్నవరం గుళ్ళోనో ఎక్కడో ఏనుగుని చూసినప్పుడల్లా నేను ఆ చుక్కల కోసం వెతికేదాన్ని. ఒకే మాట కట్టెకీ, ఏనుగు మొహం మీది చుక్కలకీ పేరు ఎలా అయిందని ఎప్పుడూ అడగలేదు. కైంచీ జాములో కూర్చుని ఆ చెట్టు వంక చూస్తుంటే అడగాల్సిన అవసరం కనపడలేదు. రెండూ ఆ తామర రంగే.

ట్రాఫిక్ కదిలింది. ఖైర్నాలో టీకి ఆపారు. అక్కడ పకోడీలూ రాయతా తినకుండా ఎవరూ దాటరు కాబట్టి మేమూ తిన్నాం. కీరదోస తురుము పెరుగులో వేసి పచ్చి ఆవపిండి కలుపుతారు, ముక్కులోకి ఝుమ్మని ఎక్కుతుంది. ఆవపెట్టిన పెరుగుపచ్చడే అది. అప్పటిదాకా చలికి, ఇరుకుకి మూతి ముడుచుకున్న పిన్ని రెండోసారి వేయించుకుంది. పెద్దాయన మా బెంచీ మీదే కూర్చున్నాడు. ఈ పక్క పెద్దవాళ్ళని బుబూ అంటారు, తాత అని. నేనూ బుబూ అనే పిలిచాను. ఆయన ఊరు బాడేఛీనా దాటాక, పనువానౌలా రోడ్డు మీద. మేం గది తీసుకున్నదీ ఆ ఊళ్ళోనే. ఆ హోమ్‌స్టే పేరు చెబితే, "ఆ, మా పొలం పైనే," అన్నాడు.

అల్మోడాలో జీపు మారి, చీకటి పడే వేళకి చేరాం. గది బాగుంది. రజాయిలు బరువుగా, శుభ్రంగా ఉన్నాయి. రిసెప్షన్ బల్ల మీద రేట్ల కార్డు ఉంది. మామూలు గది, లోయ కనపడే గది, ఆ కింద కొత్తగా అంటించిన స్టిక్కరు: చెర్రీ బ్లాసమ్ వ్యూ, నవంబరు, డిసెంబరు మాత్రమే, అదనంగా 1200. మాకిచ్చింది ఆ గదే. ఫోన్లో బుక్ చేసినప్పుడు ఆ మాట ఎవరూ అనలేదు.

తెల్లారి కిటికీ తెరిస్తే కింద మెట్ల పొలంలో, గట్టు మీద, ఒకటే చెట్టు. పయ్యాఁ.

ఇక్కడ నాకు పట్టిన చిరాకు 1200 గురించి ఒక్కటే కాదు. షిల్లాంగ్‌లో 2016 నుంచి నవంబరులో చెర్రీ బ్లాసమ్ పండగ చేస్తున్నారు, అక్కడా పూసేది ఈ జాతే. జనం వస్తున్నారు, సంతోషం. కానీ ఈ చెట్టుని చూపించాలంటే జపాన్‌ని పిలుచుకురావాల్సిందేనా? జపాన్‌ చెర్రీ వసంతంలో పూస్తుంది, ఇది చలి మొదలయ్యే కార్తీకంలో పూస్తుంది. ఆ తేడాయే దీని గొప్ప. దీనికి శాస్త్రం పెట్టిన పేరూ అలాగే ఏడ్చింది. 1825లో డేవిడ్ డాన్ అనే వృక్షశాస్త్రవేత్త నేపాల్ మొక్కల పుస్తకంలో దీన్ని ప్రూనస్ సెరసోయిడెస్ అన్నాడు, అంటే చెర్రీలాంటిది అని. ఇప్పుడు చెల్లుతున్న పేరు అదే. దీనికే ఇంకో పేరుంది, ప్రూనస్ పుడ్డుమ్. పదమ్ అన్న మాటనే చెవికి వినపడినట్టు లాటిన్లో దించేసిన పేరు. దాని వెనక రాక్స్‌బర్గ్ పేరు అంటిపెట్టుకుని ఉంటుంది. ఆ విలియం రాక్స్‌బర్గ్ 1781 నుంచి 1793లో కలకత్తా వెళ్ళేదాకా మా సామర్లకోటలోనే ఉండి మొక్కల తోట వేసినవాడు. కాబట్టి నాకు పుడ్డుమ్ మీద కాస్త పక్షపాతం ఉంటే తప్పు పట్టకండి.

జాగేశ్వర్ వెళ్ళాం. దేవదారు చెట్లు, 124 గుళ్ళు, కాళ్ళు జిల్లుమనే రాతి నేల. దాని గురించి చాలామంది రాశారు, నేను రాయను. తిరుగు జీపు పనువానౌలాలో దింపేస్తే, నడుచుకుంటూ బుబూ ఇంటికి వెళ్ళాం.

పాత ఇల్లు, పలకరాళ్ళ కప్పు. గోడలో, నడుం ఎత్తున, వేలు పట్టేంత కన్నం. చూస్తుండగానే అందులోంచి తేనెటీగలు ఒకదాని వెనకొకటి బయటికొచ్చి, కన్నం అంచు మీద ఒక్క క్షణం ఆగి, పొలం గట్టు వైపు లేచిపోతున్నాయి. గోడ మందంలోనే గూడు కట్టి ఉంచుతారట, లోపలి వైపు చెక్కతలుపు. బుబూ ఆ తలుపుకి చెవి ఆనించమన్నాడు. వెచ్చగా ఉంది, లోపల మిల్లు ఆడుతున్న చప్పుడు. "ఈ చలి రోజుల్లో కొండమీద వీటికి ఇంకేం దొరుకుతుంది? పయ్యాఁ ఒక్కటే దిక్కు," అన్నాడు. ఎండ చెట్టు మీద పడేదాకా ఒక్క ఈగా కదలదట.

చెట్టు దగ్గరికి తీసుకెళ్ళాడు. దూరానికి కనిపించే గులాబీ దగ్గరికెళితే పల్చబడి తెల్లనవుతుంది. అయిదు రేకులు, మధ్యలో కేసరాల కుచ్చు. మాను మాత్రం నన్ను కట్టిపడేసింది. బెరడు రాగి చెంబు తోమినట్టు మెరుస్తోంది, అడ్డంగా చారలు, ఆ చారల వెంబడి పల్చటి రిబ్బన్లుగా ఊడి వేలాడుతోంది. నాన్న డబ్బాలో ఉండేవి దీని పేళ్ళే. పువ్వు వాసన చూశాను. పద్మగంధి అన్నవాళ్ళకి జలుబు చేసి ఉండాలి. వాసన లేదనే చెప్పాలి.

బుబూ ఊపు మీద ఉన్నాడు. ఈ చెట్టుని కొట్టరు, దేవతల చెట్టు. పెళ్ళిపందిరికి కొమ్మ కావాలి, గుమ్మానికి ఆకులు కావాలి, అప్పుడు మాత్రం కావలసినంతే తుంచుతారు. వసంతంలో కాయలు ఎర్రబడతాయి, పుల్లగా ఉంటాయి, పిట్టలకే వదిలేస్తారు. ఇక హోళీకి చీర్ కట్టాలంటే పయ్యాఁ కొమ్మే ఉండాలి.

"చీరా?" అంది పిన్ని.

చీరే అనుకోవచ్చు. పచ్చి పయ్యాఁ కొమ్మ నిలబెట్టి, దానికి ఇంటింటి నుంచీ రంగు గుడ్డపీలికలు తెచ్చి కడతారు. హోళికా దహనం దాకా దాన్ని రాత్రీ పగలూ కాపలా కాయాలి, ఎందుకంటే పక్క వాడవాళ్ళు ఎత్తుకుపోతారు. ఎత్తుకుపోతే పరువు పోయినట్టే. కుర్రతనంలో తాను పక్క ఊరి చీర్ ఎలా కొట్టుకొచ్చాడో బుబూ చెప్పిన తీరుకి పిన్ని పడీపడీ నవ్వింది, సగం హిందీ అర్థం కాకపోయినా.

అప్పుడు నేను చెర్రీ బ్లాసమ్ సంగతి అడిగాను. బుబూ నా మొహంలోకి చూశాడు.

"చెర్రీ? కేకు మీద పెట్టేదా?"

దానికేం జవాబు చెప్పను! మన బేకరీ కేకుల మీద ఉండే ఎర్ర ఉండ చాలాచోట్ల చెర్రీయే కాదు, వాక్కాయని పాకంలో ఊరబెట్టి రంగేసింది. అంటే వాక్కాయకేమో చెర్రీ అని పేరు, అసలైన అడవి చెర్రీకి ఆ పేరుతో పిలిస్తే పక్కింటాయనకే తెలీదు.

గది కిటికీలోంచి కనపడే చెట్టు ఇదే కదా అన్నాను. ఇదేనన్నాడు. దాన్ని చూసినందుకు రోజుకి 1200 అన్నాను. ఆయన కాసేపు అర్థం చేసుకుని, "అయితే నా వాటా ఏది?" అన్నాడు.

ఈ ఒక్క వాక్యాన్ని పిన్ని భద్రంగా దాచుకుంది. బిల్లు కట్టే పూట, నేను కార్డు తీస్తుంటే చెయ్యి పట్టుకుని ఆపి, హోమ్‌స్టే కుర్రాణ్ణి అడిగింది: "చూడు నాయనా, చెట్టు మీదేనా?" వాడు వ్యూ మాది ఆంటీ అన్నాడు. "మరి కళ్ళు మావి కదా!" అంది. లోపలినుంచి వాళ్ళ నాన్న వచ్చాడు. సీజన్ అన్నాడు, జీఎస్‌టీ అన్నాడు, షిల్లాంగ్‌లో ఇంకా ఎక్కువన్నాడు. పిన్ని బుబూ పేరెత్తి, ఆయన వాటా అడుగుతున్నాడంది. ఊళ్ళో అందరికీ అందరూ తెలుసు. మొత్తం తీసెయ్యలేదు గానీ సగానికి దిగాడు, ఆపైన సంచిలో అరకిలో రాజ్మా పెట్టాడు. స్టిక్కరు మాత్రం అలాగే ఉంది.

వెళ్ళాలనుకునేవాళ్ళకి: నవంబరు మధ్య నుంచి చూసుకోండి, ఎత్తుని బట్టి పూత ముందూ వెనకా అవుతుంది. పయ్యాఁ ఎక్కడుందని అడిగితే చూపిస్తారు, చెర్రీ అంటే కేకు కొట్టుకి పంపుతారు. గది మాట్లాడుకునేటప్పుడు కిటికీకి వేరే ధర ఉందేమో ముందే అడగండి. కైంచీ మీదుగా మంగళ, శనివారాలు మాత్రం వద్దు. మేం తిరుగు ప్రయాణం శనివారమే పెట్టుకున్నాం, రైలు అందుకోవడానికి కాఠ్‌గోదాంలో మా పిన్ని పరిగెత్తిన పరుగు చూడాల్సింది.