మహామంత్రి మామూలు రోజు

ఇవాళంతా ఒకటే ఆలోచన. కాలాన్ని వెనక్కి తిప్పే మంత్రం ఉన్న రాజ్యంలో, యుద్ధమూ కుట్రా లేని ఉత్త రోజున మహామంత్రికి పొద్దెలా గడుస్తుంది? నియమాలు ముందే బిగించేశాను. తిప్పగలిగేది రాజు ఒక్కడే. తిప్పగలిగేది ఒక్క గడియే (ఇరవై నాలుగు నిమిషాలు), ఒకసారి తిప్పి చేరిన క్షణం దాటి ఇంకా వెనక్కి పోలేడు. ఆ సంగతి ఆయనకి తప్ప ఎవరికీ గుర్తుండదు. రాసిన సిరా కూడా మాయమైపోతుంది.

దినచర్య కోసం ఎక్కడా వెతకక్కర్లేదు, కౌటిల్యుడు అర్థశాస్త్రంలో రాసిపెట్టే ఉంచాడు. పగలు ఎనిమిది భాగాలు, రాత్రి ఎనిమిది భాగాలు. పగలూ రాత్రీ సమానంగా ఉన్న రోజుల్లో ఒక్కో భాగం మూడు ముప్పావు గడియలు, అంటే గంటన్నర. పగటి మొదటి భాగంలో రక్షణ ఏర్పాట్లు, జమాఖర్చులు. రెండో భాగంలో ప్రజల పనులు. ఐదులో మంత్రిపరిషత్తుతో ఉత్తరాలు, గూఢచారుల కబుర్లు. ఆరులో రాజుగారి ఇష్టం: వినోదమైనా సరే, మంత్రాంగమైనా సరే. స్నానం, భోజనం, సేనల తనిఖీ మిగతా వాటిలో సర్దుకుంటాయి.

గడియకి కొలత నీళ్ల కుండ. నాలుగు మాషాల (మాషం పాతకాలపు చిన్న తూకం) బంగారాన్ని నాలుగంగుళాల తీగగా సాగదీస్తే ఆ తీగ పట్టేంత రంధ్రం కుండకి ఉండాలి, అందులోంచి ఒక ఆఢకం (అదో పాత కొలత) నీరు కారే సేపు ఒక గడియ. లెక్కేస్తే ఆ రంధ్రం ఒకటిన్నర మిల్లీమీటర్లకి అటూ ఇటూ తేలుతోంది. అంత సన్నటి దారిలో చిన్న నలుసు ఇరుక్కున్నా ధార సన్నబడి గడియ సాగుతుంది. ఏళ్ల తరబడి నీళ్లు ఒరుసుకుని రంధ్రం పెద్దదైతే గడియ కురచవుతుంది. చలికాలం తెల్లవారుజామున నీళ్లు చిక్కబడి నెమ్మదిగా కారతాయి. రాజు తిప్పగలిగే హద్దు ఈ కుండతోనే ముడిపడి ఉందనుకుంటే, మంత్రి పొద్దున్నే చేయాల్సిన మొదటి పని దస్తావేజులు చూడటం కాదు, కుండ చూడటం: నీళ్లు బట్టలో వడగట్టారా, బంగారు తీగ రంధ్రంలో బిగువుగా పడుతోందా, వదులుగా ఆడుతోందా. అర్థశాస్త్రంలో మంత్రికి 48,000 పణాల (అప్పటి నాణేలు) జీతం, అట్టడుగు సేవకులకి 60. అంత జీతముంటే మంత్రి ప్రలోభానికి లొంగడని అక్కడి తర్కం. ఈ రాజ్యంలో మాత్రం కుండ కాసేవాణ్ణి కూడా ఆ పై వరసలో కూర్చోబెట్టాల్సిందే. ఖజానాకి భారమే, అయినా తప్పదు.

ఇక సభలో. మంత్రి చెప్పే సలహా ఆయన వరకూ మొదటిసారే, రాజు మాత్రం అప్పటికే విని ఉండొచ్చు. దీనికి చీటీ పద్ధతి ఒకటుంది: మంత్రి ఒక మాట రాసి సీలు వేసుకుంటాడు, అవసరమైనప్పుడే రాజుకి విప్పి చూపిస్తాడు. రాజు వెనక్కి వచ్చి ఆ మాట చెబితే, తిప్పినట్టు రుజువు. కానీ ఇది నిజం చెప్పే రాజుకే పనికొస్తుంది, దాచేవాణ్ణి పట్టలేదు. పాచికలు వేసి అడిగే ప్రశ్న మార్చుదామంటే, తిప్పినా పాచికలు మళ్లీ అలాగే పడతాయి. ఇక మిగిలేది మొహం చదవడమే. బయట పళ్లెం జారి ఖంగుమంటుంది, సభంతా ఉలిక్కిపడి తల తిప్పుతుంది. రాజుగారి చెయ్యి తాంబూలం మీంచి కదలదు. ఆ చప్పుడు ఆయన ఇంతకుముందే విన్నాడన్నమాట.

అన్నిటికంటే నన్ను ఎక్కువసేపు కూర్చోబెట్టింది రాత్రి. నాలుగు, ఐదు భాగాలు రాజుకి నిద్ర. పగలూ రాత్రీ సమానమైన రోజుల్లో మూడు గంటలు. నిద్రలో ఉన్నవాడు కాలం తిప్పలేడు, కాబట్టి అప్పుడు చేసిన పని ఒక గడియ దాటిందంటే ఇక శాశ్వతం. సంధిపత్రాల మీద ముద్రలు, దూతల ప్రయాణాలు, బదిలీలు అన్నీ నాలుగో భాగం మొదట్లోనే పడాలి. ఏడో భాగంలో మళ్లీ మంత్రాంగం ఉంది కనుక రాత్రి నిద్రకి మంత్రికి మిగిలేది అంతంతే. పగటి ఆరో భాగంలో పడుకోవాలి. రాజు జూదంలో ఓడినప్పుడల్లా కాలం తిప్పేది అప్పుడే, ఆ పూట ఏ ముద్ర వేసినా నమ్మకం లేదు. పడుకోవడానికి అంతకన్నా మంచి వేళ ఏముంది!

ఒక చిక్కు ఇంకా తెగలేదు. రాజు నిద్ర నటిస్తే? అర్థశాస్త్రం ప్రకారం వైద్యుడు రాజుని చూసేది రాత్రి ఎనిమిదో భాగంలో. అప్పటికి గుర్రాలు పొలిమేర దాటి ఎంతసేపో అవుతుంది. వైద్యుణ్ణి మూడో భాగం చివరికి జరపాలి, నాడి చూసి సరేనన్నాకే ముద్రల పెట్టె తెరవాలి. దానికి రాజు ఒప్పుకోవాలంటే ఏ వంక చెప్పాలో రేపు చూసుకోవాలి. కాళ్లు పట్టే వేళకి వైద్యుడు తైలం పట్టుకొస్తాడంటే సరిపోవచ్చు.