మామ షాపూ, చైనా మాలూ

ఈరోజు పెద్ద విశేషమేం లేదు. ఆఫీసు లేదు కదా అని పొద్దున్నే టిఫిన్ చేసి చిన్నబజార్లో మామ ఫ్యాన్సీ షాపుకి పోయా, పెళ్లిళ్ల సీజను, ఒక చెయ్యి వేద్దామని. మధ్యాహ్నం గిరాకీ తగ్గాక మామ కౌంటర్ కింద నుంచి రంగుల బ్రోచర్ ఒకటి తీశాడు. బైపాస్ అవతల మాల్ కడతారంట, ఫస్ట్ ఫ్లోర్లో షాపు ఇప్పుడే బుక్ చేసుకుంటే తక్కువకి వస్తదంట. బొమ్మలో ఫౌంటెన్, ఎస్కలేటర్, బ్యాగులేసుకుని నవ్వుతా నడిచే తెల్లోళ్లు (నెల్లూర్లో వీళ్లెక్కడుంటారో నాకైతే ఎప్పుడూ కనపడలా).

నాకు టక్కున చైనాలో డాంగ్‌గ్వాన్ మాల్ గుర్తొచ్చి ఫోన్లో ఫోటోలు చూపించా. 2005లో తెరిచారు, సౌత్ చైనా మాల్ అని, ఇన్‌స్టంట్ నూడుల్స్‌లో బాగా సంపాదించిన హు గుయిరాంగ్ అనే ఆయన కట్టించాడు. 2,350 షాపులు పట్టే జాగా, పారిస్ ఆర్చికి 25 మీటర్ల ఎత్తున నకలు, 2 కిలోమీటర్ల పైన కాలవ, దాంట్లో వెనిస్ పడవలు. అన్నీ ఉన్నాయి, అద్దెకి దిగినోళ్లే లేరు, ఏళ్ల తరబడి దాదాపు మొత్తం ఖాళీ.

మామ ఫోటోలు సరిగ్గా చూడను కూడా చూడలా. "అక్కడికి బస్సు పోద్దా?" అన్నాడు.

అదే కదా అసలు సంగతి! ఊరి చివర పొలాల్లో కట్టారు, ఊళ్లో ఉండే జనంలో చాలామంది ఎక్కడెక్కడి నుంచో ఫ్యాక్టరీ పనికొచ్చి, ఇంటికి పంపేది పంపి మిగిలిన దాంతో నెట్టుకొచ్చేవాళ్లు, వాళ్లు పడవెక్కి షికారు చేసి బ్రాండెడ్ చొక్కాలు కొంటారని ఎవరు లెక్కేశారో ఏమో. మన దేశంలోనూ షాపుల్ని ముక్కముక్కలుగా జనానికి అమ్మేసిన మాల్స్ చాలా దెబ్బతిన్నాయి, ఎవడి షాపు వాడిదే, ఇద్దరు షట్టర్ దించితే మూడోవాడి దగ్గరికీ ఎవరూ రారు, అడిగే నాథుడుండడు.

అయినా ఉన్నది ఉన్నట్టు చెప్పాలి కదా, "పదేళ్లు దాటాక ఆ చైనా మాల్ మెల్లగా లేచింది మామా, ఇప్పుడు చాలా షాపులు నిండినయ్యంట" అన్నా.

"ఆ పదేళ్లు లోను నువ్వు కడతావా అబ్బయా?"

నా దగ్గర జవాబు లేదు. ఇంతలో గాజులకి నలుగురాడోళ్లు వచ్చారు, బేరం అరగంట నడిచింది.

సాయంత్రం ఏజెంట్ ఫోన్ చేశాడు. "ముందు అక్కడ బస్టాప్ పడనీ సామీ, అప్పుడు మాట్లాడుకుందాం" అని మామ పెట్టేశాడు.