శేషాద్రి రోడ్డులోని పాత జైలు

బెంగళూరులో ధర్నా చేయాలంటే ఇప్పుడు ఫ్రీడం పార్కుకే వెళ్లాలి. నగర పోలీసుల 2021 నాటి ఉత్తర్వు అలా నిర్దేశించింది. ఆ పార్కు ఒకప్పటి సెంట్రల్ జైలు అని ఇక్కడ చాలామందికి తెలుసు గానీ, ఎమర్జెన్సీలో అక్కడ మగ్గిన స్నేహలతా రెడ్డి పేరు మాత్రం మన బెంగళూరు తెలుగువాళ్ల మాటల్లో అరుదుగా వినిపిస్తుంది (కవి పఠాభి భార్య అంటే కొందరు గుర్తుపడతారు, అదీ ఒక విడ్డూరమే).

నటి, లోహియా భావాలను నమ్మిన సోషలిస్టు అయిన ఆమెను 1976 మే నెలలో అరెస్టు చేశారు. ప్రభుత్వాన్ని కూలదోయడానికి డైనమైట్‌తో పేలుళ్లకు కుట్ర పన్నారని జార్జి ఫెర్నాండెజ్ తదితరులపై పెట్టిన బరోడా డైనమైట్ కేసుతో సంబంధం ఉందన్నారు. తీరా చూస్తే తుది అభియోగపత్రంలో ఆమె పేరే లేదు. అయినా మీసా (అంతర్గత భద్రతా నిర్వహణ) చట్టం కింద, విచారణ అన్నది లేకుండా, నెలల తరబడి నిర్బంధించారు. తీవ్రమైన ఉబ్బసంతో బాధపడుతున్న మనిషిని సరైన వైద్యం అందించకుండా ఒంటరి గదిలో ఉంచడం, ఏ న్యాయస్థానమూ విధించకపోయినా, నా దృష్టిలో శిక్షే. అంతటి అనారోగ్యంలోనూ ఆమె తోటి మహిళా ఖైదీల దుస్థితిపై గొంతెత్తారు.

1977 జనవరి 15న పెరోల్‌పై వదిలారు. 20న ఆమె మరణించారు. జైలులో రాసుకున్న డైరీ అదే సంవత్సరం అచ్చయింది.